పేరొక ఊరిది... పుట్టుక మరో ఊరిది!

గేటు దగ్గర కొత్త మనిషి కనిపిస్తే మొరగడం మానేసి తోకూపుతుందని దానిమీద జోకులు. అన్నం తిన్న పది నిమిషాలకే మళ్లీ గిన్నె ముందు కూర్చుంటుందని ఫిర్యాదులు. అయినా ప్రపంచంలో ఎక్కువమంది ఇష్టపడి పెంచుకునే జాతుల్లో దానిది ఎప్పుడూ ముందు వరసే. బాంబులు వెతకాలన్నా, చూపులేనివారికి దారి చూపాలన్నా, భూకంపం శిథిలాల కింద ప్రాణాల జాడ తీయాలన్నా ముందుగా గుర్తొచ్చే పేర్లలో అదొకటి. అదే లాబ్రడార్. మన ఇళ్లలో ముద్దుగా ‘ల్యాబ్’. దాని కథేంటో, రంగుల గుట్టేంటో, తీరని ఆకలి వెనకున్న అసలు కారణమేంటో చూద్దాం.

చేపల రేవులో ఉద్యోగం

కెనడా తూర్పు కొసన లాబ్రడార్ అనే ప్రాంతం ఉంది. పేరు చూసి ఈ కుక్క అక్కడే పుట్టిందనుకుంటారు అందరూ. నిజానికి దాని పుట్టిల్లు ఆ పక్కనే సముద్రంలో ఉన్న న్యూఫౌండ్‌ల్యాండ్ ద్వీపం. పేరొక చోటిది, పుట్టుక మరో చోటిది అన్నమాట. ఈ తికమక ఇప్పుడు కాస్త తగ్గింది. ఎందుకంటే 2001 నుంచి ఆ రాష్ట్రం పేరే అధికారికంగా ‘న్యూఫౌండ్‌ల్యాండ్ అండ్ లాబ్రడార్’!

ఆ ద్వీపం చుట్టూ ఉన్న సముద్రంలో కాడ్ చేపలు విపరీతంగా దొరికేవి. వాటికోసం పదహారో శతాబ్దం నుంచే ఐరోపా జాలర్లు అక్కడికి వెళ్లేవారు. వాళ్లతోపాటు రకరకాల కుక్కలూ ఓడలెక్కి వెళ్లాయి. అక్కడ వాటిలో అవి కలిసి, తరాలు గడిచేసరికి రెండు రకాలు మిగిలాయి. ఒకటి భారీగా, ఒంటినిండా పొడవాటి బొచ్చుతో ఉండేది. అదే ఇప్పటి న్యూఫౌండ్‌ల్యాండ్ జాతికి మూలం. రెండోది కాస్త చిన్నది. పొట్టి బొచ్చు, నల్లటి ఒళ్లు, ఛాతీమీదా పాదాల మీదా తెల్లమచ్చలు. అక్కడి ముఖ్యపట్టణం సెయింట్ జాన్స్ పేరుమీద దాన్ని ‘సెయింట్ జాన్స్ వాటర్ డాగ్’ అనేవారు. మన లాబ్రడార్‌కి ముత్తాత అదే.

పెంపుడు కుక్కంటే ఏ గుమ్మంలోనో పడుకునేది అనుకునేరు. దానికి పడవమీద డ్యూటీ ఉండేది. గాలం నుంచి జారిపోయిన చేపని నీళ్లలో దూకి పట్టుకొచ్చేది. వల తాడుని నోట కరుచుకుని ఒడ్డుకి ఈదేది. పొడవాటి బొచ్చున్న కుక్క అయితే నీళ్లలోంచి పైకి రాగానే ఆ బొచ్చుకి మంచు గడ్డలు కట్టేవి. అందుకే ఈ పని కోసం జాలర్లు పొట్టి బొచ్చు కుక్కనే కోరుకునేవారు.

ఇప్పటి లాబ్రడార్‌ని కాస్త దగ్గరగా చూస్తే ఆ ఉద్యోగం గుర్తులు ఇంకా కనిపిస్తాయి. పైన గరుకు బొచ్చు, దానికింద మెత్తటి దట్టమైన మరో పొర... రెండూ కలిసి నీటిని ఒంటిదాకా రానివ్వవు. మొదట్లో లావుగా ఉండి చివరికి సన్నబడే తోక నీటికుక్క తోకలా ఉంటుంది. ఈదేటప్పుడు అదే చుక్కాని. కాలివేళ్ల మధ్య బాతుకున్నట్లు పలుచటి చర్మం. ఇవన్నీ జాలరి బతుకు నేర్పిన ఒడుపులే.

జమీందారుల కంట్లో పడింది

న్యూఫౌండ్‌ల్యాండ్ చేపల్ని మోసుకొచ్చే ఓడలు ఇంగ్లండ్‌లోని పూల్ రేవుకి ఎక్కువగా వచ్చేవి. ఆ ఓడల్లో జాలర్ల వెంట కుక్కలూ దిగేవి. పూల్ దగ్గర్లోనే మామ్స్‌బరీ రెండో ఎర్ల్ ఎస్టేట్ ఉండేది. ఆయనకి బాతుల వేటంటే సరదా. తుపాకీ పేలి బాతు నీళ్లలో పడితే ఎవరు తేవాలి? చన్నీళ్లకి జంకకుండా దూకే ఈ కుక్కలు ఆయనకి భలే నచ్చాయి. పందొమ్మిదో శతాబ్దం మొదట్లోనే కొన్నింటిని తెప్పించుకుని పెంచడం మొదలుపెట్టాడు. ఆ తర్వాత ఆయన కొడుకు, మూడో ఎర్ల్ కూడా ఆ వంశాన్ని జాగ్రత్తగా కాపాడుకుంటూ వచ్చాడు. వాటిని ‘లాబ్రడార్లు’ అని పిలవడం ఆ ఇంట్లో అలవాటు.

అదే సమయంలో స్కాట్లండ్‌లో బక్లూ డ్యూక్ కుటుంబమూ ఇలాంటి కుక్కల్నే తెప్పించుకుంది. చాలాకాలం ఒకరి సంగతి మరొకరికి పట్టలేదు. 1880ల్లో రెండు కుటుంబాలూ కలిశాయి. అప్పటికి ముసలివాడైన మామ్స్‌బరీ మూడో ఎర్ల్ తన దగ్గరున్న కుక్కల్లో కొన్నింటిని ఆరో డ్యూక్‌కి ఇచ్చాడు. వాటిలో నెడ్, ఏవన్ అనే రెండు మగకుక్కలు ఈ జాతి చరిత్రలో నిలిచిపోయాయి. ఆధునిక లాబ్రడార్ల వంశవృక్షం మొదట్లో కనిపించే పేర్లు ఇవే. 1903లో ఇంగ్లండ్ కెన్నెల్ క్లబ్, 1917లో అమెరికన్ కెన్నెల్ క్లబ్ లాబ్రడార్‌ని ప్రత్యేక జాతిగా గుర్తించాయి.

ఆ తర్వాత వెనుదిరిగి చూసింది లేదు. అమెరికన్ కెన్నెల్ క్లబ్ రిజిస్ట్రేషన్లలో 1991 నుంచి 2021 వరకూ వరసగా 31 ఏళ్లు నంబర్ వన్ లాబ్రడారే. 2022లో గానీ ఫ్రెంచ్ బుల్‌డాగ్ దాన్ని రెండోస్థానానికి నెట్టలేకపోయింది.

పుట్టింట్లో దీపం ఆరింది

మనవడు ప్రపంచమంతా పేరు తెచ్చుకుంటుంటే ముత్తాత మాత్రం సొంతూళ్లో కనుమరుగైపోయింది. న్యూఫౌండ్‌ల్యాండ్‌లో గొర్రెల పెంపకాన్ని ప్రోత్సహించాలనుకున్న ప్రభుత్వానికి కుక్కలు అడ్డుగా కనిపించాయి. 1780లోనే ఇంటికొక కుక్కని మించి ఉండకూడదంటూ గవర్నర్ ఆంక్ష పెట్టాడు. 1885లో గొర్రెల రక్షణ కోసం మరో చట్టం వచ్చింది. కుక్కకి లైసెన్సు కట్టాలి. అసలు కుక్కలే వద్దనుకునే ప్రాంతాలు వాటిని నిషేధించుకోవచ్చు కూడా. ఇటు ఇంగ్లండ్ కూడా బయటి నుంచి వచ్చే కుక్కల మీద క్వారంటైన్ నిబంధనలు పెట్టింది. దాంతో వాటిని కొని తీసుకెళ్లేవాళ్లూ కరవయ్యారు.

సెయింట్ జాన్స్ కుక్కలు ఏటికేడాది తగ్గిపోయాయి. 1980ల్లో ఓ మారుమూల పల్లెలో చివరిగా ఫొటోకి దొరికినవి రెండే. రెండూ ముసలివి. రెండూ మగవే! వాటితో ఆ జాతి ముగిసిపోయింది. ఇంగ్లండ్ దొరల బాతుల వేట సరదా లేకపోతే లాబ్రడార్ కూడా లేనట్టే.

మూడు రంగులు... రెండు జన్యువులు

లాబ్రడార్‌లో అధికారికంగా మూడే రంగులు. నలుపు, పసుపు, చాక్లెట్. మొదట్లో నలుపుకే గౌరవం. వేరే రంగు పిల్లలు పుడితే పెంచకుండా వదిలించుకునేవారు. 1899లో బెన్ ఆఫ్ హైడ్ అనే పసుపు లాబ్రడార్ పుట్టింది. రికార్డుల్లోకెక్కిన మొదటి పసుపు ల్యాబ్ అదే. చాక్లెట్ రంగుకి ఆదరణ దొరకడానికి మరికొన్ని దశాబ్దాలు పట్టింది.

ఒకే కాన్పులో మూడు రంగుల పిల్లలూ పుట్టొచ్చు. అదెలాగంటే... ఒక జన్యువు బొచ్చు రంగు నలుపా, చాక్లెటా అన్నది తేలుస్తుంది. మరో జన్యువు ఆ రంగుని బొచ్చులోకి రానివ్వాలా వద్దా అన్నది నిర్ణయిస్తుంది. రెండోది ‘వద్దు’ అంటే లోపల నలుపున్నా, చాక్లెట్ ఉన్నా పైకి మాత్రం పసుపే. అందుకే రెండు నల్ల కుక్కలకి పసుపుపిల్ల పుడితే ఆశ్చర్యపోనక్కర్లేదు. తల్లీతండ్రీ రెండూ పసుపైతే మాత్రం పిల్లలన్నీ పసుపే.

పసుపు అంటే అచ్చం పసుపు అనుకోకూడదు. దాదాపు తెల్లగా కనిపించే మీగడ రంగు నుంచి నక్క ఒంటిమీది ఎరుపు దాకా అన్నీ పసుపు కిందికే వస్తాయి. ‘వైట్ లాబ్రడార్ అండీ, చాలా అరుదు’ అంటూ ఎవరైనా రెట్టింపు ధర చెబితే నమ్మొద్దు. అది లేతపసుపే! ‘సిల్వర్ ల్యాబ్’ సంగతి మరోరకం. రంగుని పలుచన చేసే జన్యువు వల్ల చాక్లెట్ కాస్తా వెండిలా కనిపిస్తుంది. ఆ జన్యువు వేరే జాతి నుంచి వచ్చిందని కొందరు, కాదని కొందరు ఏళ్ల తరబడి వాదించుకుంటున్నారు. చాలా బ్రీడ్ క్లబ్బులు ఆ రంగుని ఒప్పుకోవు.

రంగుకీ ఆరోగ్యానికీ సంబంధం ఉందా? 2018లో వెలువడిన ఓ అధ్యయనంలో బ్రిటన్‌లోని 33 వేల లాబ్రడార్ల వైద్య రికార్డులు పరిశీలించారు. నలుపు, పసుపు ల్యాబ్‌ల సగటు ఆయుష్షు 12.1 ఏళ్లుంటే చాక్లెట్‌వి 10.7 ఏళ్లే ఉంది. చెవి ఇన్ఫెక్షన్లూ చర్మవ్యాధులూ కూడా వాటికే ఎక్కువ. దోషం రంగుది కాకపోవచ్చు. ఆ రంగు కోసం దగ్గర బంధుత్వం ఉన్న కొద్ది కుక్కల్నే పదేపదే జతకట్టించడం ఒక కారణం కావచ్చని పరిశోధకుల అనుమానం. రంగు చూసి కుక్కని ఎంచుకునేవాళ్లు గుర్తుంచుకోవాల్సిన సంగతిది.

షోకొకటి... వేటకొకటి

రంగుల్లోనే కాదు, ఒళ్లులోనూ రెండు రకాలు కనిపిస్తాయి. డాగ్ షోల కోసం పెంచేది కాస్త పొట్టిగా, దిట్టంగా, వెడల్పు తలతో నిదానంగా ఉంటుంది. దీన్నే ‘ఇంగ్లిష్ టైప్’ అంటారు. వేటకోసం, పోటీల కోసం పెంచే ‘ఫీల్డ్ టైప్’ పొడుగుకాళ్లతో సన్నగా ఉంటుంది. ఒక్కచోట కూర్చోదు. రెండూ ఒకే జాతి. అపార్ట్‌మెంట్‌లో ఉండేవారికి ఈ తేడా తెలియడం మంచిది. పెద్దయ్యాక మగది 29 నుంచి 36 కిలోలు, ఆడది 25 నుంచి 32 కిలోల దాకా తూగుతుంది.

ఇక పొడవాటి బొచ్చుతో బంగారు రంగులో ఉండే గోల్డెన్ రిట్రీవర్‌ని చూసి ‘బొచ్చు ల్యాబ్’ అనుకుంటారు కొందరు. అది పూర్తిగా వేరే జాతి. లాబ్రడూడుల్ మాత్రం దీనికి వరసకి సంతానమే. 1980ల చివర్లో ఆస్ట్రేలియా గైడ్ డాగ్స్ సంస్థలో పనిచేసే వాలీ కాన్రన్‌కి హవాయి నుంచి ఓ విన్నపం వచ్చింది. చూపులేని ఒకావిడకి గైడ్ డాగ్ కావాలి, ఆవిడ భర్తకేమో కుక్క బొచ్చు పడదు. దాంతో కాన్రన్ బొచ్చు తక్కువగా రాలే పూడుల్‌ని లాబ్రడార్‌తో జతకట్టించాడు. ఆ సంకరానికి గిరాకీ పెరిగి ఎవరికివారు ఇష్టమొచ్చినట్లు కుక్కల్ని కలిపేస్తుంటే, తానెందుకు మొదలుపెట్టానా అని ఆయనే తర్వాత బాధపడ్డాడు.

ఖాకీల నేస్తం

వేటకుక్కకి నేర్పే మొదటి పాఠం తెచ్చిన పిట్టని నలపకుండా అప్పగించడం. అందుకే లాబ్రడార్ నోరు మెత్తన. కోడిగుడ్డుని కూడా పగలకుండా పట్టుకొస్తుంది. ఈ నెమ్మదితనం, వాసన పట్టే శక్తి, చెప్పింది చేయాలన్న తపన... మూడూ కలిసి దానికి కొత్త ఉద్యోగాలు తెచ్చిపెట్టాయి.

ముంబయి పోలీసుల ‘జంజీర్’ లాబ్రడారే. 1993 వరస పేలుళ్ల తర్వాత ఆ నగరంలోనూ చుట్టుపక్కలా దాచిన 3,300 కిలోలకు పైగా ఆర్డీఎక్స్‌నీ, వందల కొద్దీ డిటొనేటర్లనీ, గ్రెనేడ్లనీ పట్టించింది. ఎముకల క్యాన్సర్‌తో 2000 నవంబరులో చనిపోతే పోలీసు లాంఛనాలతో సాగనంపారు. సైన్యం జాగిలాలకు మీరట్‌లోని రిమౌంట్ అండ్ వెటర్నరీ కోర్ కేంద్రంలో శిక్షణ ఇస్తారు. మన పోలీసు జాగిలాలకైతే హైదరాబాద్ శివార్లలోని మొయినాబాద్ అకాడమీ ఉంది. వీఐపీల సభలకు ముందు స్టేజీ చుట్టూ తిరిగి చూసే ‘స్నిఫర్ డాగ్స్’లో చాలావరకు ల్యాబ్‌లే.

2001 సెప్టెంబరు 11న న్యూయార్క్ ట్విన్ టవర్స్ మీద దాడి జరిగినప్పుడు, చూపులేని మైకేల్ హింగ్‌సన్ ఉత్తర టవర్ 78వ అంతస్తులో ఉన్నాడు. ఆయన బల్ల కింద నిద్రపోతోంది రోజెల్ అనే పసుపు లాబ్రడార్. ఆ గందరగోళంలో, పొగలో బెదరకుండా 1,463 మెట్లు దింపి యజమానిని బయటికి తెచ్చింది. మెక్సికో నౌకాదళంలో పనిచేసిన ఫ్రీడా మరో మేటి. 2017 భూకంపం సమయంలో కళ్లద్దాలూ కాళ్లకి బూట్లూ తొడుక్కుని శిథిలాల మధ్య తిరిగిన దాని ఫొటో ప్రపంచమంతా చూసింది. తన సర్వీసులో అది 12 మందిని ప్రాణాలతో ఉండగా గుర్తించింది.

ఆ ఆకలి తీరదెందుకు?

ఇంతటి పనిమంతురాలూ మన ఇంటికొచ్చేసరికి గిన్నె వదలదు. ‘పాపం, ఆకలేస్తోంది కాబోలు’ అని అమ్మమ్మ ఒక ముద్ద, పిల్లలు ఒక బిస్కెట్, నాన్న తన కంచంలోంచి ఓ ముక్క. ఆర్నెల్లు తిరిగేసరికి దానికి నడుమే కనిపించదు. తప్పు దానిదా, మనదా?

2016లో కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయ పరిశోధకులు దీనికో సమాధానం కనుక్కున్నారు. ఆకలినీ శరీర బరువునీ అదుపులో ఉంచే ‘పీఓఎంసీ’ అనే జన్యువులో చిన్న ముక్క కొన్ని లాబ్రడార్లలో లేదు. దాదాపు ప్రతి నాలుగు ల్యాబ్‌లలో ఒకదానికి ఈ లోపం ఉంది. వాటికి తిండిమీద యావ ఎక్కువ, బరువూ ఎక్కువే. విచిత్రమేంటంటే సహాయక శునకాలుగా ఎంపికైన లాబ్రడార్లలో మూడొంతులకి పైగా ఈ లోపం ఉన్నవే! కారణం ఊహించవచ్చు. తినుబండారం చూపించి నేర్పే చదువులో తిండిపోతే క్లాస్ ఫస్ట్ వస్తుంది మరి. దాన్ని గొప్ప పనిమంతురాలిని చేసిన ఆకలే, పనిలేని ఇంట్లో దానికి శత్రువైందన్నమాట.

2024లో అదే బృందం మరో సంగతి బయటపెట్టింది. ఈ లోపమున్న కుక్కలు కడుపు నిండేందుకు మిగతావాటికంటే ఎక్కువేమీ తినవు. కానీ తిన్న కాసేపటికే మళ్లీ ఆకలేస్తుంది. పైగా విశ్రాంతిగా ఉన్నప్పుడు వాటి ఒంట్లో దాదాపు 25 శాతం తక్కువ శక్తి ఖర్చవుతుంది. అంటే ఆకలి ఎక్కువ, అవసరం తక్కువ! అది ఆశగా చూసే చూపు నటన కాదు. నిజంగానే ఆకలి. కానీ ఆ చూపుకి కరిగిపోతే నష్టపోయేది అదే.

ఎంత నష్టమంటే... అమెరికాలో 48 లాబ్రడార్ల మీద వాటి జీవితకాలమంతా సాగిన ఓ అధ్యయనం ఫలితాలు 2002లో వచ్చాయి. ఒకే కాన్పు పిల్లల్ని జతలుగా తీసుకుని ఒకదానికి మరోదానికంటే 25 శాతం తక్కువ తిండి పెట్టారు. తక్కువ తిన్నవాటి సగటు ఆయుష్షు 13 ఏళ్లు. ఎక్కువ తిన్నవాటిది 11.2. పైగా తక్కువ తిన్నవాటికి కీళ్లనొప్పులు కూడా ఆలస్యంగా వచ్చాయి. మనం ప్రేమతో పెట్టే అదనపు ముద్దల ఖరీదు దాదాపు రెండేళ్ల ఆయుష్షు!

అందుకే తిండి కొలిచి పెట్టాలి. రోజు మొత్తం కోటాని రెండుపూటలకి పంచాలి. ట్రైనింగ్‌లో ఇచ్చే బిస్కెట్లనీ ఆ కోటాలోంచే తీసేయాలి. ఇంట్లో ఒక్కరే గిన్నె నింపే బాధ్యత తీసుకుంటే ‘నేను పెట్టలేదంటే నేను పెట్టలేదు’ అనే గొడవ ఉండదు. పక్కటెముకల మీద చేయి వేసి చూడండి. గట్టిగా నొక్కకుండానే ఎముకలు తగలాలి. పైనుంచి చూస్తే నడుము కనిపించాలి. లేదంటే బరువు పెరిగినట్లే.

ఉల్లిపాయ వేసిన కూరలూ సాంబారూ పెట్టకూడదు. చాక్లెట్, ద్రాక్ష, ఎండుద్రాక్ష దానికి విషం. పండక్కి పాయసంలోని కిస్‌మిస్‌లూ, ప్రసాదం లడ్డూలోనివీ కూడా అంతే. ఉడికించిన కోడి ఎముకలు పెళుసుగా విరిగి పేగుల్లో గుచ్చుకుంటాయి.

చన్నీళ్ల జీవికి మన ఎండలు

మంచుసముద్రంలో ఈదడానికి తయారైన రెండు పొరల బొచ్చుతో ల్యాబ్ మన రోహిణీకార్తె ఎండల్ని భరించాలి. షికారు పొద్దున్నే పెందలాడే, లేదా చీకటిపడ్డాకే. రోడ్డుమీద అరచేతి వెనకభాగం కొన్ని క్షణాలు ఆనించి చూడండి. మనకి కాలితే దాని పాదాలకీ కాలుతుంది. బొచ్చు గొరిగించేస్తే చల్లగా ఉంటుందనుకోవడం పొరపాటు. ఎండనుంచి చర్మాన్ని కాపాడేదీ ఆ బొచ్చే. దువ్వి రాలే బొచ్చు తీసేస్తే చాలు. విపరీతంగా రొప్పుతూ, చొంగ కారుస్తూ, నడకలో తూలుతుంటే వడదెబ్బే. ఒంటిని చల్లటి నీళ్లతో తడుపుతూ వెంటనే పశువైద్యుడి దగ్గరికి తీసుకెళ్లాలి. అవకాశముంటే ఈత కొట్టించండి. దానికి అంతకుమించిన వ్యాయామం లేదు, కీళ్లమీద భారమూ పడదు.

కొనేముందు...

తుంటికీలు, మోచేతి కీలు సమస్యలు ఈ జాతిలో ఎక్కువ. అవి చాలావరకు వంశపారంపర్యమే. అందుకే పిల్లని కాదు, ముందు దాని తల్లిని చూడాలి. తల్లిని చూపించనంటే ఆ గుమ్మంలోంచి వెనక్కొచ్చేయడమే మంచిది. 2017లో కేంద్రం తెచ్చిన నిబంధనల ప్రకారం కుక్కల్ని పెంచి అమ్మేవారు రాష్ట్ర జంతు సంక్షేమ బోర్డులో రిజిస్టర్ చేయించుకోవాలి. ఎనిమిది వారాలు నిండని పిల్లల్ని అమ్మకూడదు. తల్లికి ఏడాదికి ఒక కాన్పుకి మించకూడదు. కళ్లు తెరిచీ తెరవని పిల్లని బుట్టలో పెట్టి అమ్మేవారి దగ్గర కొంటే, ఆ బుట్ట వెనక ఎక్కడో బోనులో ఉన్న తల్లికి మరో కాన్పు రాసిపెట్టినట్లే.

ఇంటికొచ్చాక టీకాలు వేళకి వేయించాలి. రేబిస్ టీకా మరవకూడదు. మున్సిపాలిటీ లైసెన్సు తీసుకోవాలి. ఎదిగే వయసులో మెట్లెక్కి దిగడాలూ ఎత్తునుంచి దూకడాలూ తగ్గించాలి. అన్నిటికంటే ముఖ్యం, రోజూ దానికోసం ఓ గంట కేటాయించగలమా అన్న ప్రశ్న. పదేళ్లకి పైగా నిభాయించాల్సిన బంధమది. పని ఉన్న లాబ్రడార్ దేవతలాంటిది. పనిలేనిదేమో చెప్పులూ సోఫాలూ కొరికి తన పని తనే వెతుక్కుంటుంది.

గాలం నుంచి జారిన చేపనో, నీట పడిన బాతునో తెచ్చి మనిషి చేతికివ్వడమే ఆనందంగా తరతరాలు బతికిన జీవి ఇది. ఇప్పుడు అది తేగలిగింది ఓ బంతీ, పొద్దున్నే పేపరూ అంతే. ఈసారి మీ ల్యాబ్ ఆశగా కళ్లలోకి చూస్తే బిస్కెట్ డబ్బా వైపు వెళ్లకండి. బంతి తీసి విసరండి!